ఓయాజీ స్నానం

ఆ ఎండాకాలం దాకా ఫ్యాక్షన్ అనేది మా రాయచోటి పక్క పల్లెల్లోనే ఉంటుందనుకున్నాను. దానికి దూరంగా పోదామనే గదా నేనూ నా మొగుడూ సముద్రం దాటింది. తీరా చూస్తే అది మాకంటే ముందే విమానమెక్కి వచ్చి, దుబాయ్‌లో మేము పనిచేసే ఇంట్లోనే పీట వేసుకుని కూర్చుంది. కాకపోతే జపాన్ భాష మాట్లాడేది.

రషీదియాలో ఉండేది ఆ విల్లా. నేను వంటమనిషిని, నా మొగుడు హయాత్ బాషా డ్రైవరు. యజమాని కురోసే అని ఒక జపాన్ ముసలాయన. ఊరి బయట అవీర్‌లో ఆయన పేరు మీద పాత కార్ల యార్డు ఉండేది. జపాన్‌లో వాడి వదిలేసిన బండ్లు ఓడల్లో వస్తే, స్టీరింగు ఎడమపక్కకు మార్పించి కాబూల్‌కూ ఆఫ్రికాకూ అమ్మేవాళ్లు. యార్డు చూసుకునేది ఇసోగాయ్. నాకంటే రెండు మూడేళ్లు చిన్నవాడు. యార్డులో పఠాన్ల దగ్గర హిందీ నేర్చుకున్నాడు, నన్ను ఆపా, అంటే అక్కా, అనేవాడు. మేము మాట్లాడుకున్నదంతా ఆ వచ్చీరాని హిందీలోనే అయినా, నా చెవిలో మాత్రం మా కడప యాసలోనే మిగిలిపోయింది.

ఇసోగాయ్ ముసలాయన్ని 'ఓయాజీ' అనేవాడు. మాస్టర్జీ, హకీంజీ లాగా ఇదీ ఒక 'జీ' కాబోలు, మర్యాదగా ఉందనుకుని నేనూ అట్లే పిలిచాను. ఏడాది పిలిచినాక తెలిసింది, ఆ మాటకు నాయన అని అర్థమట. సిగ్గుతో చచ్చిపోయాను. ఇసోగాయ్ నవ్వి, "ఇప్పుడు మార్చద్దు ఆపా, ఆయనకు బాగుంది" అన్నాడు. ఆ లెక్కన మేమిద్దరం ఒకే నాయన బిడ్డలమైపోయాము.

ఓయాజీ జూన్ ఎండలో కూడా నిండుచేతుల చొక్కా గుండీలు పెట్టుకుని ఉండేవాడు. ఎందుకో ఒకరోజు తువ్వాలు ఇవ్వబోయినప్పుడు తెలిసింది. మెడకింద నుంచి మోచేతుల దాకా పచ్చబొట్టు పొడిపించుకున్న చేపలు, అలలు, పూలు. కలంకారీ దుప్పటి కప్పుకున్నట్టుంది ఒళ్లు. నేను నోరు తెరిచి నిలబడితే హయాత్ నన్ను వంటింట్లోకి లాక్కొచ్చి, "చూసినావా? చూడలేదు. అంతే" అన్నాడు. ఇట్లాంటి ముఠావాళ్లను బయట యాకూజా అంటారట. ఆ ఇంట్లో ఆ మాట ఎవరూ పలికేవాళ్లు కాదు. నేను మట్టుకు నాలో నేను 'వర్గం' అనుకునేదాన్ని. నాకు తెలిసిన మాట అదే మరి.

రెండువేల నాలుగులో, కరామా అంగళ్లకు మామిడికాయలు దిగిన రోజుల్లో, జపాన్ నుంచి ఫోనొచ్చింది. వాళ్ల వర్గానికి పెద్దదిక్కుగా ఉన్నాయన చనిపోయాడు. ఆ కుర్చీకి ఇద్దరు పోటీ. ఆగస్టులో పెద్దలంతా ఒకచోట కూర్చుని తేల్చుకోవాలి. ఆ పెద్దల్లో ఓయాజీ ఒకడు, ఆయన మాట ఎటు పడితే త్రాసు అటే మొగ్గుతుందట. ఇసోగాయ్‌ని పిల్లప్పుడు వీధిలోంచి తెచ్చి పెంచింది ఓయాజీ. కానీ వర్గం సొమ్ముతో నడిచే ఈ యార్డు అప్పజెప్పి మనిషిని చేసింది, ఆ పోటీలో ఉన్న ఇద్దరిలో ఓయాజీకి గిట్టని రెండోవాడు. ఆ రెండోవాడు ఇసోగాయ్‌తో ఒకటే చెప్పాడు: విషయం తేలేదాకా ముసలాయన దుబాయ్ దాటకూడదు, ఒంటిమీద చెయ్యి మాత్రం పడకూడదు.

ఇదంతా నాకు చెప్పింది ఇసోగాయే. రాగిసంగటి ముందు కూర్చుంటే అతని నోట్లో ఏదీ దాగదు. ముద్దను నమలకూడదు, పులుసులో ముంచి గుటుక్కున మింగాలని నేర్పింది నేనే. వాళ్ల ఊర్లోనూ ఇట్లాంటి బియ్యపుముద్ద ఒకటుందట, ముసలోళ్లు గొంతులో ఇరుక్కుని చస్తుంటారట. అది చెప్పి మరీ రెండో ముద్ద పెట్టించుకునేవాడు.

ఇక మా సంగతి. కరవమంటే కప్పకు కోపం, విడవమంటే పాముకు కోపం. అంతకు ముందేడు హయాత్ షార్జాలో ఒక సైకిలాయన్ని గుద్ది పోలీసుస్టేషన్లో పడితే, ఓయాజీ రోజూ పొద్దున్నే పోయి ఆ బెంచీ మీద కూర్చునేవాడు. ఆస్పత్రికి పోయి కాలు విరిగిన ఆ బంగాలీ ముందు నడుము వంచి నిలబడ్డాడు. హయాత్ బయటికొచ్చిన రోజు, ఈ ముసలాయన కోసం ప్రాణమిస్తానని ఒట్టేసుకున్నాడు. నా లెక్క వేరే. పెళ్లయిన ఆరేళ్లు నేను ఊర్లో, ఆయన ఇక్కడ. మా వీసాలకు పూచీ ఉండే అరబ్బీ కఫీల్ నా వీసాకు ససేమిరా అంటే, అతని గడప చుట్టూ తిరిగి తిరిగి ఒప్పించినవాడు ఇసోగాయ్. నేను మొగుడితో కాపురం చేస్తున్నానంటే ఆ పిల్లోడి పుణ్యమే. ఒకే మంచం మీద రెండు వర్గాలు పడుకునేవాళ్లం.

జూలైలో ఒక మధ్యాహ్నం సంగటి వడ్డిస్తూ అడిగాను. "ఓయాజీ మాట వినకుండా పోయినాడనుకో. నీకేమైతాది?"

ఇసోగాయ్ తినడం ఆపాడు. ఎడమచెయ్యి ఎత్తి, చిటికెన వేలు ఒక్కటే నిలబెట్టి చూపించాడు.

మా ఊరి బడిలో చిటికెన వేలు ఎత్తితే ఒంటికి పోవాలని. ఒకటో తరగతి నుంచీ అందరికీ తెలిసిన సైగ. నేను గంటె పట్టుకునే, "దానికి నన్నడగాల్నా అబ్బా? ఆ పక్కనే గదా, పో" అని బాత్రూం వైపు చూపించాను.

అతను నా మొహం చూశాడు, బాత్రూం తలుపు చూశాడు. తర్వాత పడీపడీ నవ్వాడు. కళ్లు తుడుచుకుని, నా మాట కాదనలేక కాబోలు, లేచి నిజంగానే బాత్రూంలోకి పోయి వచ్చాడు. నేనూ కొంగు అడ్డం పెట్టుకుని నవ్వాను. సాయంత్రం హయాత్‌కు చెప్పి మళ్లీ నవ్వాను. 

ఆగస్టు మొదటి గురువారం, మిద్దె మీద బట్టలారేస్తుంటే హయాత్ పైకొచ్చాడు.

"రేపు ఓయాజీని ఎయిర్‌పోర్టుకు తీస్కపోతాండా. జుమ్మా నమాజుకు పోయినట్టు బండి తీస్తా. ఆయన వెనక సీట్లో పండుకుంటాడు."

నా చేతిలో దుప్పటి అట్లే ఉండిపోయింది. "ఇసోగాయ్ ఏమైపోవాల?"

"వాడికేం, కుర్రోడు. నాలుగు తిట్లు తింటాడు."

"నా వీసా ఎవరు తెచ్చినారో మరిచిపోయినావా?"

"నేను స్టేషన్లో ఉంటే బెంచీ మీద ఎవరు కూర్చున్న్యారో నువ్వు మరిచిపోయినావా? మే, ఆయన ఒక్కమాట అడిగినాడు. 'హయాత్, బండి తీస్తావా' అన్యాడు. అంతే. తీయనని ఏ నోటితో చెప్పేది?"

"మా అన్న కూడా అట్లే బండి తీసినాడు," అన్నాను.

ఆయన నా చేతిలో దుప్పటి తీసుకుని తీగ మీద వేశాడు. మా అన్న కాసీం మా ఊరి నాయకుడి జీపు తోలేవాడు. వంక దగ్గర కాపు కాసి బాంబులేస్తే, నాయకుడు భుజానికి కట్టుతో బయటపడి తర్వాత రెండుసార్లు గెలిచాడు. మా అన్న స్టీరింగు మీదే పోయాడు. వర్గాల్లో ముందు చచ్చేది డ్రైవరే. ఎందుకంటే బండి ఆపాలి గదా.

శుక్రవారం వచ్చింది. శుక్రవారం యార్డు సెలవు, మధ్యాహ్నం ఇసోగాయ్ మా దగ్గరే తింటాడు. నేను పొద్దుటినుంచీ కోడిపులుసు మీద పడ్డాను. చేతులకు పని ఉంటే తలలో రొద తగ్గుతుందని.

బయల్దేరేముందు ఓయాజీ వంటింట్లోకి వచ్చాడు. ఆయన హిందీ చాలా తక్కువ, ఒక్కో మాట ఏరి పెట్టినట్టు మాట్లాడేవాడు. జేబులోంచి టికెట్లు తీసి చూపించాడు. రెండు.

"ఒకటి నాది. ఇంకోటి ఇసోగాయ్‌ది," అన్నాడు. "వాడు రాంగానే చెప్పు. అబద్ధం వద్దు. ఎయిర్‌పోర్టు వాకిట్లో ఉంటా, ఆఖరు పిలుపుదాకా. వస్తే నా కొడుకుగా నాతో వస్తాడు. రాకపోతే, జపాన్‌కు ముందుగా వాడే ఫోన్ చెయ్యాల. నేను పోయినానని వాడి నోటితోనే చెప్పుకోవాల. అట్లైతే వాళ్లు వాడిని పెద్దగా ఏమీ చెయ్యరు. అర్థమైందా?"

"అర్థమైంది ఓయాజీ," అన్నాను.

"చెప్తావా?"

"చెప్తా."

ఆయన నాకు నడుము వంచి దండం పెట్టాడు. వంటమనిషికి. ఇంట్లో తొడుక్కునే చెప్పులు తలుపు దగ్గర విడిచి, బూట్లేసుకుని పోయాడు. బండి గేటు దాటిన చప్పుడు విన్నాను.

అర్థమైందని చెప్పాను గానీ, నిజానికి నాకు ఎక్కలేదు. ఎదుటి వర్గంవాణ్ణి నువ్వూ రారా అని పిలిచి వాకిట్లో ఎదురుచూసే నాయకుణ్ణి నేనెక్కడ చూశాను? మా పక్క రమ్మని కబురొచ్చిందంటే చెట్ల చాటున ఎవరో ఉన్నారని లెక్క. ఇసోగాయ్‌కి చెప్తే మనుషుల్ని వేసుకుని ఎయిర్‌పోర్టు మీద పడతాడు, లేదా ఓయాజీయే అక్కడ మనుషుల్ని పెట్టుకుని ఉంటాడు. ఏదైనా బండి దగ్గర నిలబడి ఉండేది నా మొగుడు. నా కంటికి ఎయిర్‌పోర్టు కనిపించలేదు. మా ఊరి వంకే కనిపించింది.

నేను బాత్రూంలోకి పోయి రెండు కుళాయిలూ తిప్పేశాను. దుబాయ్‌లో ఎండాకాలం చన్నీళ్ల కుళాయిలోనే కాగిన నీళ్లొస్తాయి, గదంతా ఆవిరి కమ్మింది. తలుపు దగ్గరికేసి, ఓయాజీ చెప్పులు తెచ్చి గడప ముందర పెట్టాను.

కాసేపటికి ఇసోగాయ్ వచ్చాడు. చేతిలో కర్బూజా పండు.

"ఓయాజీ?"

"స్నానం చేస్తాండాడు."

ఓయాజీ స్నానమంటే ఆ ఇంట్లో నమాజు లాంటిది. తొట్టినిండా వేన్నీళ్లలో గొంతుదాకా కూర్చుని కళ్లు మూసుకుంటే, ఆయన బయటికొచ్చేదాకా ఎవరూ పిలవరు. ఇసోగాయ్ చెప్పులు చూసి గొంతు తగ్గించేశాడు.

"హయాత్ భాయ్?"

"జుమ్మాకు పోయినాడు. నువ్వు కూర్చో, తిందువు. సల్లారిపోతాది."

"ఓయాజీ రానీ ఆపా."

"ఆయన వచ్చేసరికి సంగటి రాయైపోతాది. కూర్చో."

కూర్చున్నాడు. నేను ముద్ద పెట్టాను, పులుసు పోశాను. మా రాయలసీమలో పగవాడైనా సరే, కంచం ముందు కూర్చుంటే చేతిలో కట్టె కింద పెడతారు. కూట్లో మోసం కలిపినవాడికి ఏడు తరాలు గతుండదని మా జేజి చెప్పేది. నేను ఆ రోజు సంగటితోనే అతన్ని కట్టేశాను. రెండో ముద్ద పెట్టాను. వద్దంటుంటే మూడోదీ పెట్టాను. యార్డులో పిల్లి నాలుగు పిల్లల్ని పెట్టిందని, ఒక లాండ్ క్రూజర్ సీటు కింద కాపురం పెట్టిందని, ఆ బండి అమ్మకుండా ఆపానని చెబుతున్నాడు. నేను ఊ కొడుతున్నాను. గోడ అవతల నీళ్లు పోతున్నాయి.

అంతలో నీళ్లు ఆగిపోయాయి.

మిద్దె మీది ట్యాంకు ఖాళీ అయింది. ముందురోజు బట్టలకు నీళ్లన్నీ వాడి, పొద్దున వంట ధ్యాసలో మోటారు వెయ్యడం మరిచాను. కుళాయి గొంతు గురగురమని, తర్వాత అదీ లేదు. ఇసోగాయ్ ఓయాజీ వస్తున్నాడనుకుని కొంచెం సర్దుకుని కూర్చున్నాడు. నీళ్లు కదిలిన చప్పుడు లేదు. దగ్గు లేదు. తలుపు తీయలేదు. అతను బాత్రూం వైపు చూసి, చెప్పులు చూసి, నా వైపు చూశాడు. నేను గిన్నె కడగడం మొదలుపెట్టాను, కుళాయిలో నీళ్లు లేకుండానే.

అప్పుడే గేటు తెరుచుకుంది. హయాత్ ఒక్కడే లోపలికి వచ్చాడు.

ఇసోగాయ్ హయాత్ వెనక ఖాళీ గేటు వైపు చూశాడు. కంచంలో మిగిలిన ముద్దను నెమ్మదిగా తినేశాడు, మెతుకు వదిలేవాడు కాదు ఎప్పుడూ. చెయ్యి తుడుచుకుని వాకిట్లోకి పోయి, మొబైల్ చెవిన పెట్టుకుని ఎర్రటి ఎండలో నిలబడ్డాడు. అవతల మనిషి కనిపించకపోయినా నడుము వంచుతున్నాడు, లేస్తున్నాడు, మళ్లీ వంచుతున్నాడు. ఎయిర్‌పోర్టులో ఎవరు చూసి చెప్పారో, వాళ్లకు ఈపాటికే కబురందిందని ఆ వంగడంలోనే తెలుస్తోంది.

హయాత్ నీళ్లడిగి తాగాడు. "ఎవరికోసరం చూసినాడో ఏమో మే," అన్నాడు. "లోపలికి పోకుండా వాకిట్లోనే నిలబడినాడు ఓయాజీ. టాక్సీ వచ్చినప్పుడల్లా మెడ చాపి చూసినాడు. ఆఖరుకు అక్కడి ఆఫీసరొచ్చి లోపలికి పిల్చుకపోయినాడు."

"మనుషులెవరన్నా ఉండిరా ఆయనెంట?"

"ఎవరుంటారు? ఒక్కడే. ఒక పెట్టె."

నేను పోయి బాత్రూం గడప ముందరి ఓయాజీ చెప్పులు తీసి, మళ్లీ తలుపు దగ్గర పెట్టాను. హయాత్ ఫ్యాను పెంచి కూర్చున్నాడు.

వారంలో ఇసోగాయ్‌ని జపాన్‌కు పిలిపించుకున్నారు. పెద్దలు కూర్చున్నారు, ఓయాజీ మాట పడ్డవాడికే కుర్చీ దక్కిందని యార్డు పఠాన్లు చెప్పుకున్నారు. మా ముసలాయన గెలిచాడని హయాత్ జిలేబీ తెచ్చాడు. నేను ఒక్కటీ నోట్లో పెట్టలేదు.

ఎండ తగ్గుముఖం పట్టిన రోజుల్లో ఇసోగాయ్ తిరిగొచ్చాడు. యార్డు కొత్తవాళ్లకు అప్పజెప్పి పోవడానికి, నాలుగు రోజులకే. చిక్కిపోయాడు. ఎడమచేతికి తెల్లటి కట్టు. కట్టు చివర చిటికెన వేలు ఉండవలసిన చోట గుడ్డ చదునుగా ఉంది.

అంతకాలం తర్వాత ఆ సైగ నాకు అప్పుడు అర్థమైంది, ముసలాయన్ని ఆపలేకపోతే శిక్షగా ఆ వేలు పోతుందని. దానికి నేను బాత్రూం చూపించాను.

"తిన్నావా?" అన్నాను. 

"లేదు. పెట్టు ఆపా."

వండి పెట్టాను. కుడిచేత్తో ఎప్పటిలాగే కలుపుకున్నాడు. పొద్దున్నే కఫీల్ దగ్గరికి పోయి వచ్చానని చెప్పాడు. యార్డు చేతులు మారినా మా ఇద్దరి వీసాలు కదలవు, హయాత్‌ను కఫీల్ తన ఇంటి డ్రైవరుగా పెట్టుకుంటాడు. అంతా మాట్లాడేశాడట. నేను తల ఎత్తలేకపోయాను. తలుపు పక్క హయాత్ నిలబడి ఉన్నాడు. అతనికీ ఆ కట్టు కనిపిస్తూనే ఉంది.

తినడం అయినాక ఇసోగాయ్ అన్నాడు. "ఒక్కటి అడుగుతా ఆపా. ఆ పొద్దు స్నానం చేస్తాండాడని నాకు చెప్పమనింది ఓయాజీయేనా?"

వేలు పోయినందుకు అతను ఏడవడం లేదని ఆ గొంతులో తెలిసింది. వీధిలోంచి తెచ్చి పెంచిన నాయన తనను అట్లా చేసి పోయాడా లేదా, అతనికి కావలసింది అదొక్కటే. కాదు, నీకోసం వాకిట్లో నిలబడ్డాడు, నీ టికెట్ జేబులో పెట్టుకుని నిలబడ్డాడు అని ఒక్కమాట చెబితే చాలు, ఆ పిల్లోడికి నాయన మిగులుతాడు. చెబితే నేను మిగలను. కఫీల్‌కు చెప్పిన మాట వెనక్కి తీసుకుంటాడేమో. హయాత్ నా మొహం చూడడేమో. ఇవన్నీ ఒక్క గుటకలో ఆలోచించాను.

"ఔ," అన్నాను. "ఆయనే చెప్పమన్యాడు."

తలూపాడు.  తర్వాత లేచి, "నీమీద అనుమానపడినా ఆపా," అన్నాడు. "నువ్వే చేసినావేమోనని. తప్పు నాది. మాఫ్ కర్." కట్టున్న చెయ్యి కుడిచేత్తో పట్టుకుని నా ముందు నడుము వంచాడు. నేను గోడకు ఆనుకుని నిలబడ్డాను. లేవయ్యా అని కూడా అనలేదు.

చలికాలంలో, మేము కఫీల్ ఇంటికి మారినాక, ఓయాజీ ఫోన్ చేశాడు. హయాత్ మాట్లాడి నాకిచ్చాడు. ముసలి గొంతు దూరం నుంచి సన్నగా వచ్చింది. ఆరోగ్యం అడిగాను, చలి అన్నాడు. తర్వాత ఒక్కో మాటా ఏరుకుంటూ అడిగాడు. ఇసోగాయ్ దగ్గరికి మనిషిని పంపితే తలుపు తీయలేదట. ఎక్కడో వేరే ఊళ్లో చేపల అంగట్లో పనిచేసుకుంటున్నాడట.

"నువ్వు చెప్పినావు గదా వాడికి? రెండు టికెట్లని? నేను నిలబడి ఉంటానని?"

హయాత్ పక్కనే ఉన్నాడు, ఏమంటున్నాడని కళ్లతో అడుగుతున్నాడు.

"చెప్పినా ఓయాజీ. అన్నీ చెప్పినా."

 

"అట్లైతే వాడే రాలేదు," అన్నాడు ఓయాజీ.

"ఔ, ఓయాజీ," అన్నాను. "వాడే రాలేదు."